తప్పు చేసినవాడికి జామీను ఎవరు?

ఒక జనాజా వచ్చింది. నమాజు చేయించబోయే ముందు దైవప్రవక్త (స), మృతుడికి అప్పు ఏమైనా ఉందా అని విచారించారు. మూడు దీనార్లు ఉందన్నారు. అది తీర్చడానికి అతను ఏమీ వదిలి వెళ్ళలేదని కూడా తెలిసింది. అప్పుడాయన, మీరే నమాజు చేసుకోండని సహచరులకు చెప్పి తాను ఆగిపోయారు. హజ్రత్ అబూ ఖతాదా (రజి) ముందుకొచ్చి ఆ అప్పు తన మీద వేసుకున్న తర్వాతే ప్రవక్త (స) నమాజు చేయించారు. సహీహ్ బుఖారీలోని ఈ సంఘటనను అప్పు విషయంలో హెచ్చరికగా మనం ఎన్నోసార్లు విన్నాం. జామీను నిలబడిన ఆ మనిషి గురించి మాత్రం అంతగా మాట్లాడుకోం. ఈసారి మాట్లాడుకుందాం.

చోడవరంలో ఇలా జరిగిందనుకుందాం. బెల్లం కొట్టులో లెక్కలు రాసే ఇరవై ఏళ్ళ కుర్రాడు గల్లాపెట్టెలోంచి కొంచెం కొంచెంగా ఎనిమిది వేలు తీశాడు. అమ్మ వైద్యానికని అంటాడు. కొంత నిజం కావచ్చు, కొంత సెల్‌ఫోనుకూ పోయి ఉండవచ్చు. షావుకారు కేసు పెట్టాడు. నేరం రుజువైంది. ఇంతకు ముందు ఏ కేసూ లేదు. ఇతన్ని జైలుకు పంపితే ఏం జరుగుతుంది? షావుకారు డబ్బు తిరిగి రాదు. ఇంట్లో పొయ్యి ఆరిపోతుంది. లోపల చేయి తిరిగిన దొంగల సావాసం దొరుకుతుంది. బయటికొచ్చాక అతనికి ఎవరూ పని ఇవ్వరు.

ఇలాంటివారి కోసమే చట్టం మరో దారి పెట్టింది. ఇది కొత్తదేమీ కాదు. మన ప్రాంతం మద్రాసు రాష్ట్రంలో ఉన్నప్పుడే, 1936లో మద్రాసు ప్రొబేషన్ చట్టం వచ్చింది. తర్వాత 1958లో దేశమంతటికీ నేరస్తుల ప్రొబేషన్ చట్టం చేశారు. మరణశిక్షో యావజ్జీవమో పడే నేరం కాకపోతే, నేరం రుజువైనా జైలుకు పంపకుండా, మూడేళ్ళకు మించని గడువుకు సత్ప్రవర్తన బాండు రాయించుకుని వదిలే అధికారం కోర్టుకు ఉంది. చిన్న దొంగతనం, మోసం లాంటి కొన్ని నేరాల్లో మొదటిసారి అయితే మందలించి పంపేయవచ్చు కూడా. వయసు 21 లోపు అయితే, జైలు ఎందుకు వేస్తున్నారో న్యాయమూర్తి కారణం రాయాల్సిందే. నష్టపోయినవారికి పరిహారం కట్టమనీ కోర్టు ఆదేశించవచ్చు. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ న్యాయ సంహిత ఇంకో అడుగు వేసింది. ఐదు వేల లోపు విలువైన మామూలు దొంగతనం మొదటిసారి చేసినవాడు ఆ సొత్తు తిరిగి ఇస్తే, శిక్ష సమాజ సేవ.

ఇస్లాంలో దొంగకు చేయి నరకమని ఉంది కదా, మీరేమిటి ఇలా చెబుతున్నారని కొందరు అడుగుతారు. ఆ శిక్షకు ఫుఖహాలు ఎన్ని షరతులు చెప్పారో చూడాలి. సొమ్ము ఒక నిర్ణీత విలువకు చేరాలి, భద్రపరచిన చోటి నుంచి తీసి ఉండాలి, ఆకలి బాధ ఉండకూడదు, సందేహానికి తావుండకూడదు. నమ్మకద్రోహం చేసి సొమ్ము కాజేసినవాడికి ఆ శిక్ష లేదని హదీసులోనే ఉంది. అలాంటి నేరాలు తాజీర్ కిందికి వస్తాయి. అంటే మనిషినీ పరిస్థితినీ చూసి, మందలింపు మొదలుకొని ఏ శిక్ష తగునో ఖాజీ నిర్ణయిస్తాడు. అంతేకాదు, శిక్ష అమలు చేయడం ప్రభుత్వం పని. మొహల్లా కుర్రాళ్ళు దొంగను కరెంటు స్తంభానికి కట్టి కొట్టడానికి షరీఅత్‌లో ఏ ఆధారమూ లేదు.

హజ్రత్ ఉమర్ (రజి) కాలంలో, హాతిబ్ (రజి) ఇంటి సేవకులు ఒకరి ఒంటెను దొంగిలించి కోసుకు తిన్నారు. ముందు శిక్ష విధించబోయిన ఉమర్ (రజి), యజమాని వాళ్ళను ఆకలితో మాడుస్తున్నాడని అర్థమై ఆగిపోయారు. ఒంటె ధర 400 దిర్హములు. సొంతదారుడికి 800 చెల్లించమని హాతిబ్‌ను ఆదేశించారు. ముఅత్తాలో ఇమామ్ మాలిక్ దీన్ని నమోదు చేశారు. తక్కువ జీతమిచ్చి గుమాస్తా చేత రాత్రి పదింటి దాకా పని చేయించుకునే షావుకార్లు, మనవాళ్ళతో సహా, ఈ తీర్పును ఒకసారి నిదానంగా చదవాలి.

అయితే మొత్తం చిన్నదైనంత మాత్రాన నేరం చిన్నది కాదు. తూకంలో వంద గ్రాములు కొట్టేసేవాడు రోజుకు వందమంది పేదల కంచంలోంచి తీసుకుంటున్నాడు. షుఐబ్ (అలై) జాతి నాశనం కావడానికి ఆ తూకపు మోసం కూడా ఒక కారణం. ఆహార కల్తీ కేసుల్లో ప్రొబేషన్ ఇవ్వడానికి సుప్రీంకోర్టు 1973లో ప్యారలీ తేజానీ కేసులో ఒప్పుకోలేదు. 1976లో అప్పటి కల్తీ నిరోధక చట్టాన్నే సవరించి, 18 ఏళ్ళు దాటినవారికి ఆ సౌకర్యం తీసేశారు. మా దృష్టిలో అది సబబే. ఒక షావుకారును ముంచినవాడు వేరు, ఊరందరికీ విషం పెట్టేవాడు వేరు.

ఇక తౌబా విషయం. అల్లాహ్ హక్కులో జరిగిన లోపానికి పశ్చాత్తాపపడి మన్నింపు వేడుకుంటాం. సాటి మనిషి హక్కు కాజేస్తే దాన్ని తిరిగి ఇవ్వాలి, లేదా అతని చేత మాఫీ చేయించుకోవాలి. కోర్టు వదిలేసింది కదా అని ఆ కుర్రాడు ఎనిమిది వేలు ఎగ్గొడితే, బాండు గడువు ముగిసినా పరలోకంలో లెక్క మిగిలే ఉంటుంది. నెలకు ఐదు వందలైనా కట్టాలి. షావుకారు కూడా ఇబ్బందుల్లో ఉన్న రుణగ్రస్తుడికి గడువివ్వమన్న సూరె బఖరా ఆదేశాన్ని గుర్తుంచుకోవాలి.

ఇక్కడే మన వంతు వస్తుంది. బాండు మీద వదలాలంటే, నిందితుడికో జామీనుదారుకో స్థిర నివాసమో స్థిరమైన పనో ఉండాలని చట్టం అంటుంది. డబ్బున్నవాడికి జామీనుదార్లు వరసకడతారు. అద్దె ఇంట్లో ఉండే రిక్షా కార్మికుడి కొడుక్కి ఎవరు సంతకం పెడతారు? గొప్పవారిని వదిలేసి బలహీనులను శిక్షించడమే పూర్వ జాతులను నాశనం చేసిందని ప్రవక్త (స) హెచ్చరించారు. మనం సంతకం పెట్టకపోతే ఆ హెచ్చరిక మనకే తగులుతుంది.

సంతకం పెట్టేవారు కళ్ళు మూసుకుని పెట్టమని కాదు. కుర్రాడిని కూర్చోబెట్టి మాట్లాడాలి, పని చూపించాలి, ప్రొబేషన్ అధికారి పిలిచిన రోజున వెళ్తున్నాడో లేదో కనుక్కోవాలి. మసీదు కమిటీ ఈ పని చేయవచ్చు. అప్పుల్లో కూరుకుపోయినవారికి జకాతులో వాటా ఉందని సూరె తౌబా చెబుతోంది. తప్పు నుంచి మరలినవాడి బాకీకి అందులోంచి సాయం చేయవచ్చేమో ఆలిములను అడగాలి. కస్టడీలో ఉన్నవారికి ఉచితంగా లాయరును ఇచ్చే బాధ్యత న్యాయ సేవల సంస్థలది. పేద ఖైదీల కోసం కేంద్రం 2023లో ప్రకటించిన పథకంలో బెయిలు పూచీకీ, జరిమానాకూ సాయం ఉంది. ఈ సంగతి తెలియని ఇళ్ళు ఎన్నో.

ఒక తాగుబోతుకు శిక్ష పడ్డాక, ఎవరో అతన్ని శపించారు. ప్రవక్త (స) వారించారు, మీ సోదరుడికి వ్యతిరేకంగా షైతానుకు తోడ్పడవద్దన్నారు. ఆ కుర్రాడు బాండు మీద బయటికొచ్చిన మొదటి జుమా రోజున, సఫ్‌లో అతని పక్కన చోటు ఖాళీగా ఉంటుంది. ఆ చోట మనం వెళ్ళి నిలబడాలి.