కాయము లేని వ్యక్తి

ధర్మము వ్యక్తి నుద్దేశించి చెప్పబడినది. అబద్ధమాడరాదు, పరుల సొమ్ము కాశింపరాదు, కాయకము చేసి జీవింపవలెను అని బోధించు గురువు ఎదుట ఒక మనిషి యుండును. అతనికి శరీరము, ఊరు, ఇరుగుపొరుగు ఉండును. కాయకమను మాటయే కాయము నుండి పుట్టినది. మరి కాయము లేని వ్యక్తికి ధర్మమేది? ఇది తర్కము కొరకు వేసిన ప్రశ్న కాదు. చట్టము దృష్టిలో కంపెనీ యొక వ్యక్తి. అది ఆస్తి కొనగలదు, అప్పు చేయగలదు, దావా వేయగలదు. ఒక దేశమున పుట్టి, పది దేశములలో వాటాదారులను కూర్చుకొని, వేరొక దేశమున కొండను త్రవ్వగలదు. ఆకలి మాత్రము దానికి లేదు.

చింతూరు సంతకు చింతపండు, అడ్డాకులు తెచ్చు కోయ, కొండరెడ్డి కుటుంబములకు కొనువాని ముఖము తెలియును. తూకములో మోసము జరిగినను, వచ్చు సంతలో నిలదీయవచ్చును. (సంత వర్తకుడు సత్పురుషుడని కాదు, మన్యములో వడ్డీ వ్యాపారుల చరిత్ర తెలిసినవారెవరును ఆ మాట అనరు. 1956లో గిరిజన సహకార సంస్థ ఏర్పడినది ఆ దోపిడి నరికట్టుటకే.) బహుళజాతి కంపెనీకి నిలదీయదగిన ముఖము లేదు. కిరండోలు నుండి విశాఖపట్నమునకు ఇనుపఖనిజమును కొనిపోవు గొట్టపుమార్గము తూర్పుకనుమలను దాటి పోవుచున్నది. దానిని వేయించినది ఎస్సార్ సంస్థ. 2019లో ఆ ఉక్కు కంపెనీని లక్సెంబర్గు కేంద్రముగా గల ఆర్సెలర్ మిత్తల్, జపానునకు చెందిన నిప్పన్ స్టీల్ కలసి కొనినవి. యజమాని మారుటకు దారిలోని గూడెముల సమ్మతి అక్కరలేదు.

వ్యక్తి యను ఆ పదము మీదనే మన్యమున ఒక పెద్ద తగవు నడచెను. షెడ్యూల్డు ప్రాంతములలో భూమి గిరిజనేతరుడగు ఏ వ్యక్తికిని బదిలీ కారాదని 1959 నాటి రెగ్యులేషనును, దానికి 1970లో జరిగిన సవరణయు శాసించుచున్నవి. అయినను బొర్రా గుహల పరిసరమున, అనంతగిరి మండలములో, ప్రభుత్వము తన భూమియని ప్రైవేటు కంపెనీలకు గనుల కౌలు ఇచ్చెను. సమత యను సంస్థ న్యాయస్థానమున కెక్కెను. ఆ నిషేధములోని వ్యక్తి యను మాటలో ప్రభుత్వమును, కంపెనీయు చేరునని, ఆ కౌళ్ళు చెల్లవని 1997 జూలై 11న సుప్రీంకోర్టు నిర్ణయించెను. ముగ్గురు న్యాయమూర్తులలో ఒకరు విభేదించిరి. కాని తీర్పు తాత్పర్యము గట్టిది: హక్కుల కొరకు వ్యక్తినని చెప్పుకొనిన కంపెనీ, నిషేధము వచ్చినపుడు వ్యక్తిని కానని తప్పుకొనజాలదు.

లోకము అక్కడ ఆగలేదు. 2007లో రాష్ట్ర ప్రభుత్వము రస్ అల్ ఖైమా అను అరబ్బు ఎమిరేటు పెట్టుబడి సంస్థతో ఒప్పందము చేసికొనెను. ప్రభుత్వ ఖనిజాభివృద్ధి సంస్థ విశాఖ మన్యమున బాక్సైటు త్రవ్వవలెను. ఆ ఎమిరేటు సంస్థకు వాటా గల అన్‌రాక్ కంపెనీ మాకవరపాలెమున దానిని శుద్ధి చేయవలెను. త్రవ్వునది సర్కారు గనుక తీర్పులోని శబ్దము నిలిచినది, అర్థము నిలిచినదా? గూడెముల ప్రతిఘటన నడుమ 2015 నవంబరు నాటి అటవీభూమి ఉత్తరువు ఆగిపోయెను. 2016లో సరఫరా ఒప్పందము రద్దయ్యెను. రెండు దేశముల మధ్యగల పెట్టుబడుల రక్షణ ఒప్పందము ననుసరించి ఆ పెట్టుబడి సంస్థ అదే సంవత్సరము భారతదేశముపై అంతర్జాతీయ మధ్యవర్తిత్వము కోరెను.

దీనిని కేవలము దురాశయని కొట్టివేయరాదు. మాట నమ్మి సొమ్ము పెట్టినవాడు అడుగుట సహజము. దోషము మొదటి మాటలోనే యున్నది: తనది కానిదానిని ఇత్తుననుటలో. అయినను ఒక తేడా కన్నులకు కట్టుచున్నది. ధనము ఫిర్యాదు చేయుటకు దేశాంతరమున పీఠము కలదు. జెర్రెల కొండ క్రింద వాగునీరు త్రాగు కుటుంబమునకు ఆ పీఠము ముందర కూర్చుండ పీటయైన లేదు.

2013 కంపెనీల చట్టము పెద్ద కంపెనీలను మూడేండ్ల సగటు లాభములో 2 శాతము సామాజిక కార్యములకు వెచ్చింపుమన్నది. బడి గదులు వచ్చిన సంతోషమే. దానిని దాసోహమని పిలుచుట మాత్రము సరికాదు. దాసోహము కాయకమునకు తరువాతిది; ఆర్జన శుద్ధము కానిదే సమర్పణ లేదు. తక్కిన తొంబదియెనిమిది పాళ్ళు ఎట్లు వచ్చినవో అడుగక రెండు పాళ్ళను మెచ్చువారు సగము లెక్కయైన చూడనివారు.

కాయము లేని ఈ వ్యక్తి చేతులను ఎరువు తెచ్చుకొనును: సంతకము పెట్టు డైరెక్టరువి, ఉత్తరువు వ్రాయు అధికారివి, వాటా కొనిన గృహస్థువి. మ్యూచువల్ ఫండులో సొమ్ము దాచిన లింగాయత కుటుంబము తెలియకయే గనుల కంపెనీలో భాగస్వామి కావచ్చును. బ్యాంకులో మఠముంచిన నిధి అట్టి కంపెనీకి అప్పుగా పోవచ్చును. నేరుగా వాటా కొనినవారికి వార్షిక సమావేశమున ప్రశ్నించు హక్కును చట్టమే ఇచ్చినది. డివిడెండు ఎంతయని అడుగువారు పెక్కురు. ఏ కొండ నుండి, ఏ గ్రామసభ సమ్మతితో అని అడుగువారు అరుదు.