ఆటను దాచుకోవచ్చు, కాలాన్ని దాచుకోగలమా?

"తర్వాత చూద్దాంలే" అనే మాట మనం రోజూ వాడుతూనే ఉంటాం. కొన్ని పనులకు ఆ మాట చెల్లుతుంది, కొన్నిటికి చెల్లదు. దేన్ని వాయిదా వేయవచ్చు, దేన్ని వేయకూడదు అనే విచక్షణ కోల్పోయినప్పుడే మనిషి నష్టపోతాడు. ఈ విచక్షణకు నేడు ఒక కొత్త సాధనం పరీక్షగా నిలిచింది. అది ప్రత్యక్ష ప్రసారాలను మన కోసం రికార్డు చేసి ఉంచే 'క్లౌడ్ డీవీఆర్'.

మన దేశంలో క్రికెట్‌కు ఉన్నంత కాకపోయినా, అమెరికాలో బాస్కెట్‌బాల్‌కు ఎంతో ఆదరణ ఉంది. అక్కడ స్థిరపడిన మన కుటుంబాల పిల్లలు ఎందరో ఆ ఆట చూస్తూ పెరుగుతున్నారు. ఎన్.బి.ఎ. అనే లీగ్‌లో 30 జట్లున్నాయి. ప్లేఆఫ్ పోటీలు కాకుండానే ఒక్కో జట్టు ఒక సీజన్‌లో 82 ఆటలు ఆడుతుంది. వీటిని రికార్డు చేయడానికి ఇప్పుడు ఇంట్లో క్యాసెట్టు గానీ, యంత్రం గానీ అక్కర్లేదు. ఉదాహరణకు, 2017లో మొదలైన యూట్యూబ్ టీవీలో మనకు నచ్చిన జట్టు పేరును ఒక్కసారి చేర్చుకుంటే చాలు, ఆ సర్వీసులోని ఛానళ్ళలో వచ్చే ఆ జట్టు ఆటలు వాటంతటవే రికార్డు అవుతూ ఉంటాయి. ఎన్ని దాచుకోవాలన్నదానికి పరిమితి లేదు. ఒక్కో రికార్డింగు తొమ్మిది నెలలు ఉంటుంది.

ఇలా దాచుకోవడం తప్పా, ఒప్పా? ఆ ప్రశ్నకు జవాబు తేలికే. అసలు ఆలోచించవలసిన ప్రశ్న వేరే ఉంది. ఆట మన కోసం ఆగడానికి సిద్ధపడిన తర్వాత కూడా మనం ఆట కోసం మిగతావన్నీ ఎందుకు ఆపుతున్నాం?

బటన్ నొక్కినవాడే కర్త

ఇంట్లో టీవీ కార్యక్రమాన్ని రికార్డు చేసుకోవడం గురించి అమెరికా న్యాయస్థానాల్లో పెద్ద వాదమే జరిగింది. 1975లో సోనీ సంస్థ 'బీటామాక్స్' అనే రికార్డింగు యంత్రాన్ని మార్కెట్లోకి తెచ్చింది. మరుసటి ఏడాదే యూనివర్సల్, డిస్నీ సంస్థలు దానిపై దావా వేశాయి. చివరకు 1984 జనవరి 17న అక్కడి సుప్రీంకోర్టు అయిదుగురు ఒకవైపు, నలుగురు మరోవైపుగా తీర్పు చెప్పింది. ఉచితంగా ప్రసారమయ్యే కార్యక్రమాన్ని తీరిక వేళ చూసుకోవడానికి ఇంట్లో రికార్డు చేసుకోవడం చట్టవిరుద్ధం కాదన్నది ఆ తీర్పు సారాంశం.

ఆ తర్వాత కేబుల్‌విజన్ అనే సంస్థ రికార్డింగులను వినియోగదారుడి ఇంట్లో కాకుండా తన దగ్గరే భద్రపరిచే పద్ధతిని ముందుకు తెచ్చింది. మళ్ళీ వివాదం. యంత్రం సంస్థది, స్థలం సంస్థది. మరి నకలు తీసినవారు ఎవరు? 2008లో న్యూయార్క్‌లోని అప్పీలు న్యాయస్థానం, ఏం రికార్డు చేయాలో ఎంచుకుని బటన్ నొక్కిన వినియోగదారుడే ఆ నకలు తీసినవాడని తేల్చింది. ఆ పద్ధతిలో ప్రతి వినియోగదారుడికీ విడిగా ఒక నకలు తయారవుతుంది. ఒకరిది మరొకరికి కనిపించదు.

లోకంలోని న్యాయమూర్తులు చట్టం దృష్టితో చెప్పిన ఈ మాటలో విశ్వాసికి ఒక గుణపాఠం ఉంది. యంత్రం ఎక్కడున్నా, ఎవరిదైనా, కర్మ మాత్రం సంకల్పించి చేయి కదిపినవాడిదే. "టీవీ మమ్మల్ని పాడు చేసింది", "ఫోను మా పిల్లల్ని లాక్కుపోయింది" అని మనం వస్తువుల మీద నెపం వేస్తుంటాం. వస్తువుకు సంకల్పం లేదు. రేపు ప్రళయ దినాన కర్మల పత్రం తెరిచినప్పుడు అందులో యంత్రం పేరు ఉండదు. ఎవరి పత్రం వారిదే.

ఇక్కడే మరో విషయం కూడా గమనించాలి. స్ట్రీమింగ్ సర్వీసుకు చందా కట్టేటప్పుడు కొన్ని షరతులకు మనం ఒప్పుకుంటాం. ఒక ఇంటివారి కోసం తీసుకున్న దాని పాస్‌వర్డును పది ఇళ్ళకు పంచిపెట్టడం, డబ్బు తీసుకుని ఇతరులకు చూపించడం ఒప్పంద భంగమే. ఒప్పందాలను నెరవేర్చమని దివ్య ఖుర్ఆన్ విశ్వాసులకు ఆజ్ఞాపించింది. అవతలివారు పెద్ద కంపెనీ కదా అని ఆ ఆజ్ఞలో సడలింపు లేదు.

ఎవరి కోసం ఎవరు ఆగాలి?

చికాగో నగరంలో జూన్ నెలలో సూర్యుడు రాత్రి ఎనిమిదిన్నర ప్రాంతంలో అస్తమిస్తాడు. ఎన్.బి.ఎ. ఫైనల్స్ పోటీలు సాధారణంగా అక్కడి వేళ ప్రకారం ఏడున్నరకు మొదలవుతాయి. మొదటి సగం ముగియవచ్చే సమయానికి మగ్రిబ్ వేళ అవుతుంది. ఆట అంతా పూర్తయ్యేసరికి ఆ నమాజు వేళ దాదాపు దాటిపోయే స్థితికి వస్తుంది. ఇక మన దేశంలో చూసేవారి సంగతి. అమెరికా తూర్పు తీరంలో రాత్రి ఏడున్నరకు మొదలయ్యే ఆట ఇక్కడ కాలాన్ని బట్టి తెల్లవారుజామున అయిదింటికో, ఆరింటికో ప్రత్యక్షంగా కనిపిస్తుంది. మసీదులో ఫజ్ర్ జమాఅత్ నిలబడే వేళకు ఇంట్లో కుర్రవాడు ఫోను ముందు కూర్చుంటాడు.

రికార్డింగు లేని రోజుల్లో "ఇప్పుడు చూడకపోతే మళ్ళీ చూడలేను" అనే సాకు ఉండేది. అది చెల్లే సాకు కాదు గానీ, కనీసం మాటైనా నిజమే. మదీనాలో జరిగిన సంఘటన మనకు తెలిసిందే. దైవప్రవక్త (సఅసం) శుక్రవారం ఖుత్బా ఇస్తుండగా వర్తక బిడారు వచ్చిందన్న కబురు విని చాలామంది అటు వెళ్ళిపోయారు. కేవలం పన్నెండు మంది మిగిలారని ఉల్లేఖనాల్లో ఉంది. జుముఆ సూరా చివరి వాక్యం ఆ సందర్భాన్నే ప్రస్తావించి, అల్లాహ్ వద్ద ఉన్నది వినోదం కన్నా, వర్తకం కన్నా ఎంతో మేలైనదని హెచ్చరించింది. ఆ బిడారును రికార్డు చేసి దాచుకునే వీలు వారికి లేదు. సరుకు అమ్ముడైపోతుందేమోనన్న భయం ఉంది. అయినా హెచ్చరిక వచ్చింది. అలాంటప్పుడు బిడారే మన గుమ్మం ముందు తొమ్మిది నెలలు ఆగి ఉంటానంటే, మనం నమాజు వదిలి దాని వెంట పరుగెత్తడానికి ఏం సాకు చెప్పగలం?

కొందరు యువకులు తెలివిగా ఒక వాదన తెస్తారు. "భోజనం వడ్డించి ఉంటే ముందు భోజనం ముగించి నమాజు చేయమన్నారు కదా! మనసు భోజనం మీద ఉంటే నమాజులో ఏకాగ్రత ఉండదనే కదా! అలాగే ఆట ముగించి నమాజు చేస్తే మనసు నిలకడగా ఉంటుంది" అంటారు. వినడానికి బాగానే ఉంది. కానీ ఆకలి శరీర అవసరం, ఆట అవసరం కాదు. భోజనం కొద్ది నిమిషాల్లో ముగుస్తుంది, ఆట రెండు గంటలు దాటుతుంది. పైగా భోజనం చల్లారిపోతుంది, రికార్డు చేసిన ఆట చల్లారదు. నిజానికి ఏకాగ్రత కావాలనుకునేవాడికి ఈ సాధనం మేలే చేస్తుంది. ఆట ఎక్కడికీ పోదన్న ధీమాతో అతడు నెమ్మదిగా రుకూ, సజ్దాలు చేయవచ్చు. అప్పటికీ స్కోరు ఎంతైందోనని మనసు కొట్టుకుంటుంటే, లోపం ఆట వేళలో లేదు, మన హృదయంలోనే ఉందని గ్రహించాలి.

హకీమ్ ఒలాజువాన్ అనే క్రీడాకారుడి గురించి ఇక్కడ చెప్పుకోవాలి. నైజీరియాలోని లాగోస్‌లో పుట్టి, అమెరికాలో హ్యూస్టన్ రాకెట్స్ జట్టు తరఫున 1994, 1995 సంవత్సరాల్లో ఛాంపియన్‌షిప్ గెలిచిన ముస్లిం ఆయన. 1995లో రమజాన్ ఫిబ్రవరి నెలలో వచ్చింది. ఆయన ఉపవాసాలు పాటిస్తూనే ఆటలు ఆడారు. ఆ నెల లీగ్‌లో ఉత్తమ క్రీడాకారుడిగా కూడా ఆయనే ఎంపికయ్యారు. మైదానంలో పరుగెత్తే వ్యక్తి చేతిలో ఆటను ఆపే బటన్ లేదు. అయినా ఆరాధనను వదల్లేదు. సోఫాలో కూర్చున్నవాడి చేతిలో ఆ బటన్ ఉంది. మరి ఇద్దరిలో ఎవరి బాధ్యత ఎక్కువ?

ఆగవలసింది నమాజు కోసమే కాదు. చికాగోలో వేసవి సాయంత్రం ఏడు గంటలైతే గుంటూరులో తెల్లవారి అయిదున్నర. ఫజ్ర్ నమాజు ముగించుకుని, దుఆ చేసి, ఒక తల్లి కొడుకుకు ఫోను చేసే వేళ అదే. అవతల ఆట మొదలయ్యే వేళా అదే. "అమ్మీ, తర్వాత చేస్తాను" అని ఫోను పెట్టేసే కొడుకు ఒక్క క్షణం ఆలోచించాలి. ఆట తొమ్మిది నెలలు ఉంటుందని కంపెనీ హామీ ఇచ్చింది. తల్లి ఎన్నాళ్ళుంటుందో ఎవరు హామీ ఇచ్చారు?

దాగేది ఆట మాత్రమే

ఈ సాధనంలో మేలు ఉందని ఒప్పుకోవాలి. అసలు ఆట 48 నిమిషాలే. విరామాలు, ప్రకటనలు కలిసి ప్రసారం రెండుంపావు గంటల వరకు సాగుతుంది. రికార్డు చేసుకుంటే ఆ విరామాలను దాటవేయవచ్చు. 2018లో అమెరికా సుప్రీంకోర్టు తీర్పుతో ఆ దేశంలోని అనేక రాష్ట్రాల్లో క్రీడా పందేలకు దారి తెరుచుకుంది. అప్పటినుంచి ఆటల మధ్య పందెం కంపెనీల ప్రకటనలు వెల్లువెత్తాయి. జూదం నిషిద్ధమని నేర్పే ఇంట్లో పిల్లల ముందు అవి కనబడకుండా దాటవేయగలగడం చిన్న మేలేమీ కాదు.

అయితే మేలు వెనుకే ఒక మోసం పొంచి ఉంది. స్థలానికి పరిమితి లేదనగానే ఎన్ని ఆటలైనా పోగేయాలనిపిస్తుంది. ఒక్క జట్టు ఆడే 82 ఆటలను రెండుంపావు గంటల చొప్పున లెక్కవేస్తే 184 గంటలు దాటుతుంది. అంటే రాత్రింబవళ్ళు కలిపి ఏడున్నర రోజులకు పైమాటే. ఇది ఒక్క జట్టు సంగతే. ఆ ఆటలను మనం దాచుకున్నాం సరే, వాటిని చూడటానికి కావలసిన గంటలను ఎక్కడ దాచుకున్నాం? దాచిన ప్రతి ఆటా రేపటి మన కాలం మీద రాసిచ్చిన అప్పు పత్రం లాంటిది. సెలవు రోజు రాగానే ఆ అప్పు తీర్చమని అడుగుతుంది. అప్పుడు ఖుర్ఆన్ పఠనం, బంధువుల పరామర్శ, పిల్లల చదువు, అన్నీ దాని వెనుక వరుసలో నిలబడతాయి.

ఆరోగ్యం, తీరిక అనే రెండు అనుగ్రహాల విషయంలో చాలామంది నష్టపోతున్నారని దైవప్రవక్త (సఅసం) హెచ్చరించారు. తీరిక సంపద లాంటిదే. కానీ సంపదను పెట్టెలో దాచవచ్చు, తీరికను దాచలేము. ఈ రోజు మిగిలిన గంటను రేపటికి మోసుకుపోయే సాధనం ఏ కంపెనీ దగ్గరా లేదు.

ఫలితం ముందే తెలిసి ఉంటే...

రికార్డు చేసిన ఆట చూసేవాడు ఫలితం తన చెవిన పడకుండా ఫోను పక్కన పెడతాడు, స్నేహితులను "చెప్పవద్దు" అని బతిమాలతాడు. ఆట ఎప్పుడో ముగిసింది. గెలుపోటములు తేలిపోయాయి. అయినా ఇతడు గోళ్ళు కొరుక్కుంటూ చూస్తుంటాడు. ఇది చూసి కొందరు, "మన జీవితం కూడా ఇంతే కదా! అంతా ముందే రాసి ఉంది. ఇక మన ప్రయత్నం దేనికి?" అంటారు.

ఈ పోలికలో పొరపాటుంది. రికార్డింగు చూసేవాడు ప్రేక్షకుడు. జీవితంలో మనం ప్రేక్షకులం కాదు, మైదానంలో ఉన్నవాళ్ళం. బంతిని బుట్టలో వేసిన ఆటగాడు ఆ క్షణాన తన ఇష్టంతో, తన శ్రమతో వేశాడు. తర్వాత చూసే మనకు అది ముందే తెలిసినంత మాత్రాన, మన తెలివిడి అతని చేత బలవంతంగా బంతి వేయించలేదు. మన స్వల్ప జ్ఞానం విషయమే ఇలా ఉంటే, భూతభవిష్యత్తులు ఎరిగిన అల్లాహ్ జ్ఞానాన్ని మన సోమరితనానికి సాకుగా చూపడం ఎంత అన్యాయం! విధి విషయంలో సహచరులు ఇలాంటి సందేహమే వెలిబుచ్చినప్పుడు, ఆచరిస్తూ ఉండమనే దైవప్రవక్త (సఅసం) బోధించారు.

అందువల్ల ఒక్క విషయం మనసులో నాటుకోవాలి. ఆటను వెనక్కి తిప్పి చూడవచ్చు. వదిలేసిన నమాజు వేళను, కసిరి పెట్టేసిన తల్లి ఫోనును, పిల్లవాడు కథ చెప్పమని అడిగిన రాత్రిని వెనక్కి తిప్పలేము. మన జీవితానికి రికార్డింగు ఉంది. కానీ అది మళ్ళీ ఆడటానికి కాదు, లెక్క చెప్పడానికి.

కనుక సోదరులారా, సోదరీమణులారా! ఆట మొదలయ్యే వేళతో పాటు నమాజు వేళ కూడా ముందే చూసుకోండి. రెండూ కలిసివస్తే రికార్డింగును నమ్మి లేచి నిలబడండి. నెలకు ఎన్ని ఆటలు చూడాలో ఇంటిల్లిపాదీ కూర్చుని నిర్ణయించుకోండి. మిగిలిన వాటిని తుడిచేయడానికి వెనుకాడకండి. పిల్లలను ఆటకు దూరం చేయడం కన్నా, ఆటను ఆపి లేచే తండ్రిని వారికి చూపడం ఎక్కువ మేలు చేస్తుంది. ఆగవలసినదాన్ని ఆపి, ఆగనిదాన్ని అందిపుచ్చుకునే వివేకాన్ని అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక! ఆమీన్.