ఎవరన్నా ఆపకూడదా?

2003లో హైదరాబాద్‌లో ఆఫ్రో-ఏషియన్ క్రీడలు జరిగినప్పుడు నేను మైపాడులో ఉన్నాను. టీవీలో జె.జె. శోభని చూపిస్తున్నారు. హెప్టాథ్లాన్‌లో ఆరో అంశమైన జావెలిన్ దగ్గర ఆమె చీలమండ దెబ్బతింది. మైదానం నుంచి మోసుకుపోయారు. కాలికి కట్టు కట్టించుకుని తిరిగొచ్చి, చివరి 800 మీటర్లు పరిగెత్తి, స్వర్ణం గెలుచుకుంది. నాకు కళ్ళు చెమ్మగిల్లాయి. చేపల గంప మా గుమ్మంలో దించి, నాతోపాటు చూస్తున్న మనిషి మాత్రం, "కాలు అట్టుంటే పరిగెత్తతా ఉండాదే, ఎవురన్నా ఆపకూడదా అమ్మా?" అంది.

ఆ మాట నాకప్పుడు మోటుగా తోచింది.

కర్ణాటకలో పుట్టి, దక్షిణ మధ్య రైల్వేలో ఉద్యోగం చేస్తూ సికింద్రాబాద్‌లో స్థిరపడిన శోభని మనం ఆ కట్టుతోనే గుర్తుపెట్టుకున్నాం. మరుసటి ఏడాది ఏథెన్స్ ఒలింపిక్స్‌లో ఆమె 6172 పాయింట్లతో పదకొండో స్థానంలో నిలిచింది. అది ఎందరికి గుర్తుంది? ఆమె శక్తి కన్నా ఆమె నొప్పి మనకెందుకు అంత నచ్చింది? (స్త్రీ ఓర్పుని ఇంతగా కీర్తించే లోకం, ఒలింపిక్స్‌లో మగవాళ్ళకి పది అంశాల డెకాథ్లాన్ పెట్టి మనకి ఏడు చాలంది!)

పరిగెత్తడం ఆమె ఇష్టం కదా అనొచ్చు. కానీ ఆ ఆటలో చివరి పరుగుకి దిగకపోతే పోటీ వదిలేసినట్టే లెక్క. రెండు రోజులు కూడబెట్టుకున్న పాయింట్లన్నీ వృథా. అలాంటి చోట ఇష్టానికీ నిర్బంధానికీ మధ్య గీత ఎక్కడ గీస్తాం? ఆమె అన్నీ లెక్కవేసుకునే దిగి ఉండొచ్చు. ఆ లెక్కని పక్కకి నెట్టి దానికి 'సహనం' అని పేరు పెట్టింది మనమే.

గుమ్మంలో గంప దించిన మనిషి జ్వరమొచ్చినా గంప ఎత్తుతుంది. చేప రేపటిదాకా ఆగదు. ఆ ప్రశ్న ఆమెకెందుకొచ్చిందో అర్థం కావడానికి నాకు చాలా ఏళ్ళు పట్టింది.

గర్భస్రావమైన నాలుగో రోజు నేను క్లాసుకి వెళ్ళాను. సెలవు అడగాలంటే కారణం చెప్పాలి. తర్వాత సంగతి తెలిసి, "ఎంత గట్టిదానివి!" అన్నారు తోటివాళ్ళు. ఆ మాట ఎంత తియ్యగా ఉందో! అప్పుడడిగితే నా ఇష్టంతోనే వెళ్ళానని చెప్పేదాన్ని. ఆ రోజు గోడ పట్టుకుని మెట్లెక్కడం చూసినవాళ్ళున్నారు. ఎవరూ ఆపలేదు. ఆపి ఉంటే నాకు కోపమొచ్చేది, అదీ నిజమే.