ఎలక్ట్రాన్ పంప్: రెండు విశ్వాల నడుమ తెరిచిన దారి

ఎలక్ట్రాన్ పంప్ ఒక కల్పిత యంత్రం. ఐజాక్ అసిమోవ్ 1972లో వెలువరించిన 'ది గాడ్స్ దెమ్‌సెల్వ్స్' నవల అంతా దీని చుట్టూ తిరుగుతుంది. మన విశ్వానికీ, దానికి సమాంతరంగా ఉన్న మరో విశ్వానికీ మధ్య ఈ యంత్రం దారి తెరుస్తుంది. ఆ దారిలో మనుషులు నడవరు, పదార్థం మాత్రమే చోటు మారుతుంది. ఆ మార్పిడి వల్ల రెండు వైపులా శక్తి పుడుతుంది. దానికి బొగ్గు అక్కర్లేదు, పొగ రాదు, బూడిద మిగలదు.

కథకు మూలం ఒక సీసా. హాలమ్ అనే రసాయన శాస్త్రవేత్త బల్ల మీద, టంగ్‌స్టన్ అని చీటీ అంటించిన పాత సీసా దుమ్ము పట్టి ఉంటుంది. ఒకరోజు అందులోని లోహం తీరు మారినట్టు ఆయనకు తోస్తుంది. పరీక్ష చేయిస్తే ప్లుటోనియం-186 అని తేలుతుంది. అలాంటి పదార్థం మన విశ్వంలో నిలవదు. ప్లుటోనియం కేంద్రకంలో 94 ప్రోటాన్లుంటాయి. అన్నీ ధనావేశం గలవే కాబట్టి ఒకదాన్నొకటి నెట్టుకుంటాయి. వాటిని కలిపి పట్టుకునేది కేంద్రక బలం, అందుకు తోడ్పడేవి న్యూట్రాన్లు. ప్లుటోనియం-239లో న్యూట్రాన్లు 145 కాగా, ప్లుటోనియం-186లో ఉండేవి 92 మాత్రమే. అది చెదిరిపోకుండా ఉండాలంటే కేంద్రక బలం ఇక్కడికన్నా ఎక్కువగా ఉన్న చోట పుట్టి ఉండాలి. అవతలి విశ్వంవారు మన టంగ్‌స్టన్ తీసుకొని, బదులుగా తమ ప్లుటోనియం పెట్టారన్నమాట. ఇక్కడికి చేరాక ఆ కేంద్రకం ఒక్కొక్కటి 20 పాజిట్రాన్లను వదులుతూ తిరిగి టంగ్‌స్టన్ అవుతుంది.

ఇటువంటి యంత్రం నిజంగా ఏదీ లేదు. 1957లో హ్యూ ఎవరెట్ ప్రతిపాదించిన సిద్ధాంతం నుంచి అనేక లోకాల ఊహ పుట్టినా, ఆ లోకాల మధ్య రాకపోకలకు అందులో చోటు లేదు. అయినా పంపు లేవనెత్తే ధర్మసందేహం నిజమైనది. దాన్ని మన తర్కగ్రంథాల పద్ధతిలో పూర్వపక్షంగా, సిద్ధాంతంగా విడదీసి చూడవచ్చు.

పూర్వపక్షి: ఇద్దరికీ లాభం కలిగే మార్పిడిలో తప్పేముందండీ? మనకు అక్కరకు రానిది వారికి అక్కరకు వస్తుంది, వారిది మనకు. ఎవరి సొమ్మూ పోలేదు కదా.

సిద్ధాంతి: దారి తెరిచాక సరుకొక్కటే రాదు, ఆ చోటి స్వభావమూ వెంట వస్తుంది. వేడినీళ్ల తొట్టికీ చన్నీళ్ల తొట్టికీ మధ్య గొట్టం వేస్తే కాసేపటికి రెండూ గోరువెచ్చగా అవుతాయి. ఇక్కడా అంతే. అవతలి కేంద్రక బలం కొద్దికొద్దిగా మన విశ్వంలోకి చేరుతుంది. సూర్యుడిలో హైడ్రోజన్ హీలియంగా మారే వేగం ఆ బలం మీద ఆధారపడి ఉంది. బలం పెరుగుతూ పోతే సూర్యుడే పేలిపోతాడు. నవలలో లామాంట్ అనే యువ శాస్త్రవేత్త కనిపెట్టేది ఇదే.

పూర్వపక్షి: అది ఆయన వేసిన లెక్క. లెక్క తప్పు కావచ్చు. లోకమంతటికీ దొరికిన వెలుగును ఒక్కడి అనుమానం కోసం ఆర్పుకోమంటారా?

సిద్ధాంతి: తప్పో ఒప్పో ముందు సరిచూడమంటాను. నవలలో ఆ పనే జరగదు. పంపుకు పితామహుడిగా పేరుపొందిన హాలమ్‌కు ఆ పేరే సంకెల. జనం తమ సుఖాన్ని వదులుకోరు కాబట్టి చేయగలిగిందేమీ లేదని ఒక సెనేటర్ తేల్చేస్తాడు. లామాంట్ లెక్కలో తప్పు చూపి ఎవరూ కాదనలేదు, వినకుండా కాదన్నారు.

పూర్వపక్షి: మరి అవతలివారి మాటేమిటి? వారికైనా తెలియదా?

సిద్ధాంతి: పెద్దలకు తెలుసు. అయితే అక్కడి సూర్యుడు చల్లారిపోతున్నాడు, పంపే వారికి బతుకు. ఆ లోకంలో డువా అనే ప్రాణి మాత్రం దీనికి ఒప్పుకోదు. ఎన్నడూ చూడని, చూడబోని మనకోసం దొంగచాటుగా సందేశం పంపుతుంది. రేకు మీద తడబడుతూ చెక్కిన అక్షరాల సారం ఒక్కటే: మావాళ్లు పంపు ఆపరు, మీరైనా ఆపండి. తనవారికి మేలు చేసేదే అయినా, ముఖమెరుగని వారికి చేటు తెస్తే అది తప్పని ఆమెకు తోచింది. ధర్మానికి ఇంతకన్నా మంచి గీటురాయి లేదు.

పూర్వపక్షి: అయితే తలుపు తెరవకపోవడమే మేలంటారా?

సిద్ధాంతి: అననండీ. నవల చివరి భాగంలో, చంద్రుడి మీద డెనిసన్, సెలీన్ అనే ఇద్దరు మూడో విశ్వానికి దారి కనుక్కుంటారు. అక్కడ కేంద్రక బలం బాగా తక్కువ. ఒక దారి గుండా పెరిగేది రెండో దారి గుండా తగ్గి, తూకం కుదురుతుంది. హెచ్చరికను నమ్మినవారికే ఈ ఉపాయం తట్టింది.

పూర్వపక్షి: కథలో కుదిరింది. లోకంలో కుదురుతుందా?

సిద్ధాంతి: ఒకసారి కుదిరింది. నవల వచ్చిన రెండేళ్లకు, 1974లో, ఫ్రిజ్‌లలోనూ స్ప్రే డబ్బాల్లోనూ వాడే క్లోరోఫ్లోరోకార్బన్లు ఓజోన్ పొరను తినేస్తాయని మోలినా, రోలాండ్ హెచ్చరించారు. తయారీదారులు ఎదురు తిరిగారు. అయినా దేశాలు విన్నాయి. 1987లో మాంట్రియల్ ఒప్పందం కుదిరింది, ఫ్రిజ్‌లు పోలేదు, వాటిలోని వాయువు మారింది. ఆ ఇద్దరికీ, పాల్ క్రుట్జెన్‌కూ కలిపి 1995లో నోబెల్ బహుమతి దక్కింది.

మూర్ఖత్వం గురించి జర్మన్ కవి షిల్లర్ తన నాటకంలో రాసిన ఒక నిరాశ నిండిన వాక్యాన్ని అసిమోవ్ మూడు ముక్కలు చేసి, నవలలోని మూడు భాగాలకు పేర్లుగా పెట్టాడు. షిల్లర్ వాక్యంలో లేని ప్రశ్నార్థకాన్ని చివరి ముక్కకు తానే చేర్చాడు. ఆ గుర్తులోనే నవల ఆశ అంతా ఉంది. తెరిచిన దారి ఏదైనా సరే, అవతలి నుంచి వచ్చిన హెచ్చరికను సరిచూసేదాకా దాని లాభాన్ని లాభంగా లెక్కవేయకూడదు.