ఖర్చు లేని గౌరవం

కిందటి వేసవిలో చెల్లెలి డిగ్రీ సర్టిఫికెట్లు తెచ్చుకోవడానికి ఇద్దరం ఖమ్మం నుంచి భద్రాచలం బయల్దేరాం. బస్సు పాల్వంచ దాటి అడవిలోకి వచ్చాక తను నెమ్మదిగా అంది: "అక్కా, నేను నాటకాలల్ల చేరుతా." భద్రాచలంలో మకాం వేసిన ఒక నాటక సమాజం వాళ్ళు రమ్మన్నారట. నేను క్షణం కూడా ఆలోచించలేదు. "ముందు బి.ఇడి. చెయ్యి. రాత్రిళ్ళు ఊళ్ళు తిరగడం, రేపు సంబంధాలొస్తే ఏం చెప్తాం?" అన్నాను.

సారపాక దాటి గోదావరి వంతెన ఎక్కేదాకా తను మాట్లాడలేదు. అప్పుడు నా ఒళ్ళో ఉన్న ఫైలు చూపించి, "కమలాబాయికి గూడ గిట్లనే చెప్పేదానివా?" అంది.

ఆ ఫైల్లో ఉన్నది సురభి కమలాబాయి మీద నేను రాస్తున్న వ్యాసం.

1885లో కడప ప్రాంతపు సురభి గ్రామంలో వనారస గోవిందరావు 'కీచకవధ'తో మొదలుపెట్టిన నాటక కుటుంబాల్లో పుట్టిన మనిషి కమలాబాయి. 1932లో విడుదలైన తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద'లో లీలావతి వేషం వేసి మన తెరకు మొదటి కథానాయిక అయింది. 1951లో 'పాతాళభైరవి'లో తోటరాముడి తల్లి కూడా ఆమే.

ఆమె పుట్టుక గురించి ఒక కథ చెప్పుకుంటారు. తల్లి వెంకూబాయి నిండు గర్భిణిగా దమయంతి వేషం వేస్తుండగా నొప్పులొచ్చి రంగస్థలం మీదే ప్రసవించిందని. ఈ కథ నేను సెమినార్లలో చాలాసార్లు చెప్పాను. చెప్పిన ప్రతిసారీ చప్పట్లు వచ్చాయి. నెలలు నిండిన మనిషి ఆ రాత్రి వేషం ఎందుకు కట్టవలసి వచ్చింది, కట్టకపోతే ఆట ఏమయ్యేది అని నేనూ అడగలేదు, విన్నవాళ్ళూ అడగలేదు. ఒక ఆడమనిషి నొప్పిని మనం ముచ్చటగా మార్చుకున్నాం.

1913లో ఫాల్కే తీసిన 'రాజా హరిశ్చంద్ర'లో తారామతి వేషం వేసింది సాలుంకే అనే మగవాడు. మన రంగస్థలం మీద సత్యభామగా వెలిగిన స్థానం నరసింహారావుకు 1956లో పద్మశ్రీ వచ్చింది. ఆయన కళను తక్కువ చేయను. కానీ ఆయన చీర విప్పేశాక మిగిలింది మహానటుడు. నటి వేషం తీసేశాక కూడా 'అలాంటి మనిషి' అనే మాట ఆమె వెంట ఇంటిదాకా వస్తుంది.

ఆ రోజుల్లోనే సురభి స్త్రీలు స్త్రీ పాత్రలు తామే వేశారు. తండ్రీ, భర్తా, పిల్లలూ అదే రంగస్థలం మీద ఉండేవారు. దాన్ని స్వేచ్ఛ అనాలా, కుటుంబం కల్పించిన రక్షణ అనాలా? బహుశా రెండూ. వాళ్ళకు నటించడానికి ఇంటి గడప దాటవలసిన పని లేదు. ఇల్లే నాటకంతో పాటు ఊరూరా తిరిగింది. నా చెల్లెలికి అలాంటి ఇల్లు లేదు. తను గడప దాటాలి. ఆ గడపకు అడ్డంగా నిలబడింది పితృస్వామ్యం మీద పిహెచ్.డి. చేసిన నేను.

చనిపోయిన నటిని గౌరవించడానికి నాకేమీ ఖర్చు కాలేదు. పైగా పేరొచ్చింది. బతికున్న చెల్లెల్ని గౌరవించాలంటే అమ్మ కోపం, చుట్టాల మాటలు, నా భయం అన్నీ భరించాలి. ఏమీ వదులుకోకుండా ఇచ్చేది గౌరవమేనా?

నా భయం అబద్ధం కాదు. రాత్రి ప్రయాణాలూ, నిలకడ లేని సంపాదనా నిజమే. అయితే భయం ఉన్నప్పుడు అడగవలసిన ప్రశ్నలు వేరే ఉన్నాయి. నేను వాటిని వదిలేసి సంబంధాల మాట ఎత్తాను.

సర్టిఫికెట్లు తీసుకున్నాక ఇద్దరం ఆ నాటక సమాజం డేరా దగ్గరికి వెళ్ళాం. జీతమెంత, ఆడవాళ్ళకు వేరే గది ఉందా, జ్వరమొస్తే ఆట మానుకోవచ్చా అని అడిగాం. ఆ చివరి ప్రశ్న అడుగుతున్నప్పుడు నాకు వెంకూబాయి గుర్తొచ్చింది.

చెల్లెలు ఇంకా ఏదీ తేల్చుకోలేదు. తేల్చుకోవలసింది తనే. నా వ్యాసం మాత్రం మొదటినుంచీ తిరిగి రాస్తున్నాను.