మూకీలో భీష్ముడి ప్రతిజ్ఞ

1921లో మద్రాసులో తయారైన ‘భీష్మ ప్రతిజ్ఞ’ మూకీలో భీష్ముడి వేషం రఘుపతి ప్రకాశ్‌ది. దర్శకుడూ ఆయనే. చింతాద్రిపేట బ్లాకర్స్ రోడ్డులో 1914లో గెయిటీ థియేటరు కట్టించిన రఘుపతి వెంకయ్య ఆయన తండ్రి. సినిమా పని నేర్చుకోవడానికి కొడుకును లండన్ పంపిందీ ఆయనే. తిరిగొచ్చిన ప్రకాశ్ ఎంచుకున్న కథలో ఒక తాత్త్విక చిక్కుంది. ప్రతిజ్ఞ అంటే నలుగురిలో పలికిన మాట. మాటే వినిపించని తెర మీద అది ప్రతిజ్ఞ అవుతుందా?

ఆదిపర్వంలో ఆ ఘట్టమంతా మాటల మీదే నడుస్తుంది. తండ్రికి సత్యవతితో పెళ్లి జరగడం కోసం దేవవ్రతుడు రాజ్యం వద్దంటాడు. నీకు పుట్టబోయే కొడుకులు ఊరుకుంటారా అని సత్యవతి తండ్రి దాశరాజు సందేహిస్తే, ఆజన్మ బ్రహ్మచర్యానికి పూనుకుంటాడు. వెంట వచ్చిన క్షత్రియులు సాక్షులు. భీష్ముడన్న పేరు సైతం ఆకాశం నుంచి దేవతలూ ఋషులూ పలికినదే. ఇలా చూస్తే మూకీలో మిగిలేది ప్రతిజ్ఞ తాలూకు బొమ్మే. మధ్యలో తెర మీద వేసే అక్షరాలు అర్థం తెలుపుతాయి గాని, ఒక మనిషి మాటకు కట్టుబడడాన్ని చూపలేవు.

మనుస్మృతి రెండో అధ్యాయం మాత్రం వ్రతాలన్నిటికీ మూలం సంకల్పమే అంటుంది. వ్యాఖ్యాత మేధాతిథి దాన్ని మనోవ్యాపారంగా వివరించాడు. అలాగైతే నోటి మాట పని సాక్షులకు భరోసా ఇవ్వడం వరకే. భీష్ముడి జీవితమే దీనికి గట్టి నిదర్శనం. సత్యవతి కొడుకు విచిత్రవీర్యుడు సంతానం లేకుండా పోయాక, ఎవరి కోసం ఆ మాట ఇచ్చాడో ఆ సత్యవతే వంశం నిలబెట్టమని ప్రాధేయపడింది. మాట పుచ్చుకున్నవారే విడిచిపెట్టినా ఆయన కదల్లేదు. అది కేవలం ఒప్పందమైతే అక్కడితో తీరిపోవలసింది.

నటుడి కష్టం ఇక్కడే మొదలవుతుంది. నాట్యశాస్త్రంలో భరతుడు చెప్పిన నాలుగు అభినయాల్లో మూకీ వాచికాన్ని పూర్తిగా తీసేసింది. ఎనిమిది సాత్త్విక భావాల్లో స్వరభేదానికి చోటు లేదు, నలుపు తెలుపుల్లో వైవర్ణ్యమూ సరిగా కనబడదు. స్తంభం, వణుకు, కన్నీరు వంటివే మిగిలాయి. సంకల్పానికి మాటకన్నా దగ్గరివి అవే కనుక, మూకీ ఈ కథకు తగని సాధనమని అనడం సరికాదు. ఆ చిత్రం ప్రతి మిగలకపోవడం తెలుగువారికి తీరని నష్టం.

1932లో ‘భక్త ప్రహ్లాద’తో తెలుగు తెరకు మాట వచ్చింది. హరినామం పలకడమే నేరమైన ఆ కథకు గొంతు తప్పనిసరి. టాకీల కాలంలోనూ ప్రకాశ్ దర్శకుడిగా కొనసాగి, 1940లో ‘బారిస్టర్ పార్వతీశం’, 1941లో ‘తారాశశాంకం’ తీశారు.