డన్స్ అంటే ఎవరు?

ఇంగ్లీషులో 'డన్స్' అని ఒక తిట్టు ఉంది. మొద్దు, మందబుద్ధి, ఎంత చెప్పినా తలకెక్కనివాడు అని దాని అర్థం. పాతకాలపు ఇంగ్లీషు బడి బొమ్మల్లో ఒక పిల్లవాడు తలమీద పొడుగాటి కాగితం టోపీ పెట్టుకుని మూల నిలబడి ఉంటాడు. ఆ టోపీని డన్స్ టోపీ అంటారు. ఈ మాట ఎక్కడి నుంచి వచ్చిందా అని పెద్ద నిఘంటువు తీసి చూస్తే ఒక తత్త్వవేత్త పేరు కనిపిస్తుంది. ఆయన తన కాలంలో అందరికంటే సూక్ష్మంగా ఆలోచించేవాడని పేరు తెచ్చుకున్నవాడు! అలాంటి మనిషి పేరు చదువురానివాడికి ఎలా అంటుకుంది, అది న్యాయమేనా, ఇప్పుడు ఆ మాట వాడేవాళ్ళది తప్పా కాదా అని చాలా రోజులు ఆలోచించాను.

ఆయన పేరు జాన్ డన్స్ స్కోటస్. స్కోటస్ అంటే స్కాట్లాండువాడు అని. డన్స్ ఆయన ఊరు. మనలో కూడా ఊరిపేరే ఇంటిపేరయినవాళ్ళు ఎంతమంది లేరు? అలాంటిదే ఇదీ. సుమారు 1266లో పుట్టాడు. ఫ్రాన్సిస్కన్ సన్యాసుల్లో చేరి, 1291 మార్చి 17న ఇంగ్లండులోని నార్తాంప్టన్‌లో మతగురువుగా దీక్ష తీసుకున్నాడు. ఆక్స్‌ఫర్డులో, ప్యారిస్‌లో పాఠాలు చెప్పాడు. 1303లో ఫ్రాన్సు రాజు నాలుగో ఫిలిప్పుకీ పోపుకీ గొడవ వచ్చింది. రాజు పక్షాన ఉంటామని ఒప్పుకోనివాళ్ళు దేశం విడిచిపోవాలన్నారు. స్కోటస్ ఒప్పుకోలేదు, వెళ్ళిపోయాడు. మరుసటి సంవత్సరం తిరిగి వచ్చి మళ్ళీ పాఠాలు మొదలుపెట్టాడు. చివరికి జర్మనీలోని కొలోన్ నగరంలో 1308 నవంబరు 8న చనిపోయాడు. అప్పటికి ఆయనకి నలభై రెండేళ్ళ వయసుంటుంది, అంతే. ఆయనకి ఆ రోజుల్లో ఇచ్చిన బిరుదు 'సూక్ష్మ ఆచార్యుడు'.

ఆయన సూక్ష్మం ఎలాంటిదో ఒక్కటి చెప్తాను. ఒకే టంకశాలలో ఒకే సంవత్సరం తయారైన రెండు రూపాయి నాణేలు బల్లమీద పెట్టండి. రెండూ ఒకే రంగు, ఒకే బరువు, ఒకే బొమ్మ. మరి ఇది 'ఇది' ఎందుకయింది, అది 'అది' ఎందుకయింది? ఉన్న చోటు వేరు కాబట్టి అంటారా? చోట్లు మార్చేయండి. ఇది అది అయిపోదు కదా. లోహం వేరు అంటారా? ఆ లోహపు ముక్క ఈ లోహపు ముక్క ఎందుకు కాదు అని మళ్ళీ అదే ప్రశ్న. స్కోటస్ ఏమన్నాడంటే, ప్రతి వస్తువులోనూ, ప్రతి మనిషిలోనూ, దాని జాతి ఏదో చెప్పే గుణాలు కాకుండా, అది అదే అయ్యేట్టు చేసేది ఒకటి ఉంటుందన్నాడు. లాటిన్‌లో 'హేక్' అంటే 'ఇది'. అందుకని దీనికి 'హేక్సేయితాస్' అని పేరు వచ్చింది. తెలుగులో 'ఇదితనం' అనుకోవచ్చు. మన వైశేషిక దర్శనానికి ఆ పేరు వచ్చింది 'విశేషం' అనే మాట నుంచే. రెండూ ఒకటే అని నేను అనను. కాని వేర్వేరు దేశాల్లో ఇద్దరికీ ఇలాంటి ప్రశ్నే తట్టిందంటే నాకు ఎంతో సరదాగా అనిపించింది.

ఇప్పుడు పేరు ఎలా చెడిందో చూద్దాం. స్కోటస్ పోయాక రెండు వందల ఏళ్ళకి పైగా యూరపు విశ్వవిద్యాలయాల్లో ఆయన పుస్తకాలు పాఠ్యగ్రంథాలుగా నడిచాయి. ఆయన దారిలో నడిచేవాళ్ళని డన్స్ మనుషులు అనేవారు. 16వ శతాబ్దం వచ్చేసరికి గ్రీకు, లాటిన్ మూలగ్రంథాలే నేరుగా చదవాలనే కొత్త చదువు పక్షం ఒకటి బలపడింది. చర్చిని సంస్కరించాలనేవాళ్ళు కూడా పాత చదువు మీద విరుచుకుపడ్డారు. డన్స్ మనుషులు వాళ్ళకి ఎదురు నిలిచి వాదించారు. ఒక మాటని నాలుగుగా చీల్చి, ఆ నాలుగింటినీ మళ్ళీ చీల్చి వాదించడం వీళ్ళకి అలవాటు. అవతలివాళ్ళకి విసుగొచ్చింది. 'నువ్వొక డన్స్‌వి' అంటే మొదట్లో 'నువ్వు వెంట్రుకని చీల్చే రకానివి' అనే. తర్వాత 'పుస్తకాల్లో మునిగి బుర్ర మొద్దుబారినవాడివి' అయింది. ఆ శతాబ్దం ముగిసేలోపలే అసలు చదువే రానివాడు అనే అర్థం వచ్చేసింది. 1728లో అలెగ్జాండర్ పోప్ అనే కవి తనకి నచ్చని రచయితల మీద రాసిన పెద్ద వెక్కిరింపు కావ్యానికి 'డన్సియాడ్' అని పేరు పెట్టేనాటికి స్కోటస్ ఎవరో తెలియకపోయినా ఆ పేరు అందరికీ అర్థమయ్యే స్థితి వచ్చింది.

1535లో రాజు ఎనిమిదో హెన్రీ తరఫున అధికారులు ఆక్స్‌ఫర్డుకి వచ్చి స్కోటస్ పాఠాలు ఆపించారు. వాళ్ళలో రిచర్డ్ లేటన్ అనే ఆయన తన పైఅధికారి థామస్ క్రామ్‌వెల్‌కి రాసిన ఉత్తరం ఇప్పటికీ ఉంది. న్యూ కాలేజీకి రెండోసారి వెళ్ళేసరికి ఆవరణ నిండా స్కోటస్ పుస్తకాల కాగితాలు గాలికి కొట్టుకుపోతున్నాయని, ఒక పెద్దమనిషి వాటిని ఏరుకుంటున్నాడని అందులో రాశాడు. ఎందుకు ఏరుకుంటున్నాడంటే, అడవిలో లేళ్ళు హద్దు దాటిపోకుండా బెదరగొట్టడానికి కాగితాలు కట్టుకోవడానికట! లేటన్ ఇదంతా సంతోషంగానే రాశాడు. మన పొలాల్లో పిట్టల్ని తోలడానికి కట్టే గుడ్డపేలికలు గుర్తొచ్చాయి నాకు. ఒక మనిషి ఏళ్ళ తరబడి ఆలోచించి రాసింది చివరికి అలా అయింది.

అయితే ఒకటి చెప్పాలి. కొత్త చదువువాళ్ళు దుర్మార్గులు, డన్స్ మనుషులు అమాయకులు అని నేను అనడంలేదు. గ్రీకు నేర్చుకోవడం, మూలం చూసి చదవడం మంచి సంగతులే. వాటికి అడ్డుపడ్డవాళ్ళ మీద కోపం రావడం సహజమే. ఆ అడ్డుపడ్డవాళ్ళలో గురువుగారి మాటల్ని చిలకల్లా వల్లించేవాళ్ళు కూడా ఉండే ఉంటారు. నాకు అంతుబట్టనిది ఒక్కటే: 'అతిగా తర్కించేవాడు' అనే తిట్టు 'తర్కమే తెలియనివాడు' అనే తిట్టుగా ఎలా మారింది? రెండూ పూర్తిగా ఎదురుబొదురు అర్థాలు కదా!

దీనికి జవాబు నాకు పుస్తకంలో కాదు, మా తరగతిలో దొరికింది. లెక్కల పీరియడులో రుణం గుణించు రుణం ధనం అవుతుందని రాసుకుంటున్నాం. ఒక అబ్బాయి లేచి, "అప్పు మీద అప్పు చేస్తే అప్పు పెరగాలి గాని లాభం ఎలా వస్తుందండీ?" అని అడిగాడు. క్లాసంతా నవ్వింది. "మొద్దు" అని వెనక బెంచీ నుంచి ఒకడు అన్నాడు. నవ్విన మాకు తెలిసింది సూత్రం ఒక్కటే, అది ఎందుకు నిజమో మాలో ఒక్కరికీ తెలియదు. వాడికి అర్థం కాలేదన్నది నిజమే. కాని వాడికి అర్థం కానిది మేము అడగడం కూడా ఎరగని చోటు. సూక్ష్మం అడిగేవాడూ, పాఠం బోధపడనివాడూ బయటికి ఒకేలా కనిపిస్తారు. ఇద్దరూ "నాకు తెలియలేదండీ" అనే అంటారు. ఇద్దరి వల్లా పాఠం ఆగిపోతుంది. ఇద్దరి మీదా మిగతావాళ్ళకి విసుగొస్తుంది. డన్స్ అనే మాట ఆ చివరి నుంచి ఈ చివరికి ఇలాగే నడిచి వచ్చిందని నా ఊహ. తర్వాత ఒకరోజు మాష్టారు వాడికి చెప్పారు: వంద రూపాయల అప్పులు మూడు ఎవరైనా కొట్టేశారనుకో, నీకు మూడు వందలు కలిసొచ్చినట్టా కాదా అని. అప్పుడు మా అందరికీ కూడా తెలిసింది. వాడు కూడినది అప్పుని అప్పుతో, సూత్రం చెప్పేది అప్పుని తీసేయడం గురించి.

ఇంగ్లీషువాళ్ళే ఇలా చేశారని అనుకోకండి. 'ఛాందసుడు' అంటే ఛందస్సు, అంటే వేదం, చదువుకున్నవాడు. ఇప్పుడు ఎవరినైనా ఛాందసుడు అంటే ఊరుకుంటారా? మా గంజాం జిల్లాలోనే ఋషికుల్య ఒడ్డున జౌగడలో అశోకుడి శాసనాలున్నాయి. వాటిలో రాజు తనని తాను 'దేవానాంప్రియుడు' అని చెప్పుకున్నాడు, దేవతలకి ఇష్టమైనవాడు అని. తర్వాతి కాలపు సంస్కృత వ్యాకరణంలో ఆ మాటకి మూర్ఖుడు అనే అర్థం చెప్పారు! అదే శాసనాల్లో 'పాషండ' అంటే ఏదో ఒక మతమార్గంలో ఉన్నవాళ్ళు అని మాత్రమే. అన్ని మార్గాలవాళ్ళూ అన్నిచోట్లా ఉండవచ్చని రాజు కోరుకున్న సందర్భంలో అది వస్తుంది. మన తెలుగు నిఘంటువులో పాషండుడు అంటే వేదనింద చేసేవాడు, దుష్టుడు. గెలిచినవాళ్ళకి, లేదా ఎక్కువమంది ఉన్నవాళ్ళకి, అవతలివాళ్ళ పేరుని ఎలా కావాలంటే అలా వాడుకునే వీలుంటుంది కాబోలు. ఒక్కోసారి గొడవ లేకుండానే అర్థం తారుమారవుతుంది. ఎపిక్యురస్ అనే గ్రీకు తత్త్వవేత్త రొట్టె, నీళ్ళతో సరిపెట్టుకుని, విందు చేసుకోవాలనిపిస్తే స్నేహితుణ్ణి కాస్త జున్ను పంపమని అడిగాడట. ఆయన పేరు మీద ఇంగ్లీషులో ఉన్న మాటకి భోజనప్రియుడు అని అర్థం.

ఇదంతా మా నాన్నకి చెప్పాను. నాన్న ఒప్పుకోలేదు. "అమ్మా, మాటని పుట్టుక చూసి తూచకూడదు, వాడుక చూసి తూచాలి. నూనె అంటే ఏమిటి? నువ్వుల నెయ్యి. మనింట్లో వాడేది ఆవనూనె. దాన్ని నూనె అంటే నువ్వులకి అన్యాయం జరిగినట్టా? ఏడు వందల ఏళ్ళ కింద పోయినాయనకి ఇప్పుడు నువ్వు చేసే న్యాయం ఏముంది?" అన్నారు. రెండు రోజులు ఆలోచించాను. నాన్న అన్నది సరైనదే అనిపించింది. 1993లో కాథలిక్ చర్చి స్కోటస్‌ని పుణ్యపురుషుడిగా ప్రకటించింది. ఆయన ఊళ్ళో విగ్రహం కూడా ఉంది. ఎవరో ఎవరినో డన్స్ అన్నంత మాత్రాన ఆయనకి పోయేదేమీ లేదు. కాబట్టి 'ఆ మాట మూలం తెలిస్తే వాడరు' అని వాదించడం నాకిష్టం లేదు. మూలం మంచిదైతే తిట్టు తిట్టు కాకుండా పోతుందా? మన 'మొద్దు'కి ఏ తత్త్వవేత్త పేరూ లేదు, కర్రదుంగ మాత్రమే ఉంది. అయినా అది తగలాల్సినచోట తగులుతుంది.

నా అభ్యంతరం వేరే. డన్స్ అనే పేరు దొరికాక స్కోటస్ వాదాలకి జవాబు చెప్పాల్సిన పని తప్పిపోయింది. పేరు పెడితే చాలు, ఇంక వినక్కర్లేదు. మొద్దు అనే మాట కూడా అదే పని చేస్తుంది. తెలుగులోనే చూడండి. "వాడికి ఈ లెక్క రాలేదు" అంటే అందులో క్రియ ఉంది, కాలం ఉంది. నిన్న రాలేదు, రేపు రావచ్చు. ఏ లెక్క అని అడగవచ్చు, నిజమో కాదో చూడవచ్చు. "వాడు మొద్దు" అన్న వాక్యంలో క్రియే లేదు. భూతకాలమూ కాదు, భవిష్యత్తూ కాదు. ఎప్పటికీ అంతే అని దానంతట అదే చెప్పేస్తుంది. రానివాడికి రాలేదని చెప్పడం తప్పని నేను అనను, చెప్పకపోతే మార్కుల కాగితం చెప్తుంది. ఆ రెండో వాక్యమే నాకు అబద్ధంలా తోస్తుంది. చెప్పేవాడికి తెలియని కాలం గురించి కూడా అది చెప్తోంది కాబట్టి.

పైగా ప్రతి ఒక్కరిలో ఎవరితోనూ కలవని ఇదితనం ఉందని చెప్పినాయన పేరే, పిల్లలందరినీ ఒకే టోపీ కింద నిలబెట్టే పేరయింది. ఆ టోపీ పెట్టమని స్కోటసే చెప్పాడని కొందరు కథ చెప్తారు. దానికి ఆధారం లేదు. డన్స్ టోపీ అనే మాట డికెన్స్ నవలలో 1840లో కనిపిస్తుంది, స్కోటస్ పోయిన ఐదు వందల ఏళ్ళ తర్వాత.

ఈ మధ్య మా లెక్కల మాష్టారు ఎవరైనా అర్థం కాలేదంటే, "ఎక్కడిదాకా అర్థమైంది?" అని అడుగుతున్నారు. మొన్న భిన్నాల భాగహారం దగ్గర ఆరుగురం లేచాం. ఒకరికి రెండో భిన్నాన్ని ఎందుకు తిరగేస్తారో తెలియదు. ఒకరికి భాగిస్తే జవాబు పెద్దదెలా అయిందో తెలియదు. ఒకమ్మాయికి లెక్క అంతా వచ్చు, ప్రశ్నలో ఒక మాట తెలియదు, ఎందుకంటే వాళ్ళింట్లో ఒడియా మాట్లాడతారు. ఆరుగురం ఐదు వేర్వేరు చోట్ల ఆగిపోయాం.